తర్వాతి మాట

మఖ్వాలాని అడిగితే వాన దొరికేది.
త్బిలిసీ ఫైరింజను వాళ్లకి ఎప్పుడూ
కాఫీలు బాకీ ఉండేది.
పెళ్లి సీనుకి ముసలమ్మలు తక్కువైతే
సంతలోంచి తొమ్మండుగురిని తోలుకొచ్చింది,
పదో ముసలమ్మ తనే, నల్లగుడ్డ చుట్టుకుని.

గుర్రం మొండికేసినా, హీరో అలిగినా
కేక ఆమెకే.
ఒకసారి స్వానేతి మంచులో
హీరోయిన్ బదులు ఏరు దాటింది.
తెర మీద ఆ వీపుని మెచ్చుకున్నవాళ్లకి
అదెవరి వీపో తెలీదు.
నాకు తెలుసు. బూమ్ పట్టుకున్నది నేను.
ఆమె పళ్లు టకటకలాడటం
నా చెవుల్లో ఇంకా ఉంది.

యాభై మూడో ఏట సొంత సినిమా.
ఎవరో వాడగా మిగిలిన ఫిల్ము, అరువు కెమెరా,
బతూమీ రేవులో తెల్లారకముందే ఒక జాలరి.
"సైలెన్స్!" అని అరిచింది, అలవాటుగా.
సముద్రపు పిట్టలు తప్ప అందరూ ఆగారు.
ఆమె కూడా ఆగింది.
తర్వాతి మాట ఎవరో అంటారని
మెడ తిప్పి వెనక్కి చూసింది.

వెనక కుర్చీ. దాని మీద ఆమె కోటే.

జాలరి వల పట్టుకుని నిలబడే ఉన్నాడు.
నా టేపు తిరుగుతూనే ఉంది:
నీళ్లు, పడవ కిర్రుమనడం,
ఒక గొంతు సవరించుకోవడం.

ఎడిటింగులో అది తీసెయ్యమంది.
తీసేశాను.
ముక్క నా జేబులో ఉంది.