నిమిషం పట్టేవాళ్ళు

మొదటి ఏడాదంతా వర్సెనిక్
నన్ను దుదుక్ ముట్టనివ్వలేదు.
పొయ్యి మీద కెటిల్ పెట్టి
మరగబోయే ముందు నీళ్ళు చేసే గొణుగుడు
ఎక్కడ మొదలైందో చెప్పమనేది.
చెప్పేదాన్ని. కాదనేది.
"నువ్వు విన్నది వేడిని. నేనడిగింది నీళ్ళని."

రెండో ఏడాది బుగ్గలు.
బుగ్గల్లో గాలి దాచి, ముక్కుతో కొత్త గాలి తాగుతూ
జల్దారు కర్ర గొట్టంలోంచి
ఒక్కటే స్వరం, తెగకుండా.
పాట పక్కవాడిది, మనది శ్రుతి.
పాటకి వెళ్ళిపోవడమే పని.
వెళ్ళేవాడి కాళ్ళకి అడ్డంపడే కుక్కపిల్ల మన శ్రుతి,
అనేది, రెల్లు పీకని పెదవుల మధ్య తడుపుతూ.

అరగాత్స్ కొండ వెనక ఈ పనికి
ఇంకా నలుగురమే మిగిలాం.
మంచు పడి దారి మూసుకుపోయాక పిలుస్తారు.
పోయిన నిమిషం ఏ గదిలో జరిగిందో
ఆ గదిలోనే కూర్చోవాలి.
తివాచీలు తీయించాలి, అవి మాటల్ని తాగేస్తాయి.
గోడ ఏ స్వరానికి వణుకుతుందో వెతికి
దాని మీద నిలబడాలి.
నిలబడగలిగితే
ఆరేసిన తడిగుడ్డలోంచి బొట్లు రాలినట్టు
ఆ నిమిషం మళ్ళీ చప్పుడవుతుంది.
ఒక్క నిమిషమే.
సొంతది మాత్రం ఎన్నడూ పట్టుకోకూడదు.

పెళ్ళిళ్ళు అడుగుతారనుకున్నాను.
ఎవరూ అడగలేదు.
ఒకామె, కొడుకు తడి బూట్లు విప్పి
గోడకేసి కొట్టే చప్పుడు అడిగింది.
ఒక ముసలాయన, భార్య వాల్‌నట్లు లెక్కపెడుతూ
నలభై దగ్గర తప్పి
తనని తాను తిట్టుకోవడం.

నా మొదటి ఇల్లు ఖొరెన్‌ది. బస్సు నడుపుతాడు.
తమ్ముడు అర్షవిర్ రాగి గనికి వెళ్ళిన పొద్దున
గుమ్మంలో ఆగి ఏదో అన్నాడట.
పదకొండేళ్ళుగా ఆ మాట నాలిక చివరే ఉందట.
పట్టాను. గోడ పలికింది.
లవాష్ చింపిన చప్పుడు. దగ్గు. బూటు లేసు.
గొళ్ళెం.

అక్కడ నా బుగ్గ వణికింది.
స్వరం వెంట్రుకవాసి కిందికి జారింది.
వచ్చింది తమ్ముడి మాట కాదు.
ఖొరెన్‌దే, పదకొండేళ్ళు లేత గొంతు:
"తలుపేసి తగలడు, చలి లోపలికొస్తోంది."

ఆయన కదల్లేదు.
చాలాసేపటికి జేబులోంచి డబ్బు తీశాడు,
లెక్కపెట్టాడు, మళ్ళీ లెక్కపెట్టాడు,
బల్ల మీద పెట్టి చేత్తో చదును చేశాడు.
నేను బయటికొస్తే
తలుపు వెయ్యలేదు.
వీధి మలుపు దాకా ఆ పసుపు వెలుతురు
మంచు మీద నా నీడని
ముందుకి తోస్తూనే ఉంది.

స్వరం జారిందని వర్సెనిక్ ముందు ఏడ్చాను.
"ఎంతిచ్చాడు?" అంది.
మొత్తం.
"అయితే దొరికినట్టే."
అని ఉల్లిపాయలు తరుక్కుంది.

ఈ చలికాలం ఆవిడకి ఎడమ చెవి పోయింది,
తర్వాత కుడిది.
మీ నిమిషం ఒకటి పట్టనా,
ఏ గదైనా చెప్పండని కాగితం మీద రాశాను.
నవ్వింది.
"ఊరందరివీ పట్టి పట్టి అలిసిపోయాను.
నావి పోనీ. వాటికీ కాళ్ళున్నాయి కదా."

అయినా వాయించమంది.
నా బుగ్గ మీద అరచెయ్యి ఆనించి కళ్ళు మూసుకుంది.
ఆ వేళ్ళకి ఉల్లిపాయ వాసన.
పాత గాలికీ కొత్త గాలికీ మధ్య
నాకే తెలియని ఒక సందులో
చిటికెన వేలితో తట్టింది.
"ఇక్కడ ఆగుతున్నావు.
ఏడేళ్ళుగా."

పొయ్యి మీద కెటిల్ ఉంది.
మూత తీసి నీళ్ళలోకి వంగి చూసింది.
"ఇప్పుడు," అంది.

నాకింకా ఏమీ వినపడలేదు.