పన్నెండో చావు

కావలి, వెంగళరావు నగర్. మధ్యాహ్నం రెండు.
ఫ్యాను ఆపేశాను, ఫ్రిజ్ ప్లగ్ పీకేశాను.
పరుపు గోడకానించి, నెత్తిన బొంత కప్పుకుని
మైకు ముందు చస్తున్నాను.

నీళ్ళలో మునిగి ఒకసారి,
గొంతులో బాణం దిగి ఒకసారి.
మాట రాకూడదట, గాలి మాత్రమే పోవాలట.
పన్నెండో చావుకి దబదబా తలుపు బాదింది
పక్కింటి మస్తాన్‌బీ, చేతిలో నీళ్ళ చెంబుతో:
"ఏందిమే, ఏమైంది నీకు?"

ఏమని చెప్పను.
పద్దెనిమిదేళ్ళుగా నేనొక ఉడత పిల్లని.
దానికి ఎనిమిదేళ్ళు దాటవు,
నాకు మోకాళ్ళు పట్టేశాయి.
చేపల మార్కెట్లో చందువా బేరమాడుతుంటే
ఓ బుడ్డోడు నా సంచీలోకి తొంగిచూశాడు,
ఉడత ఎక్కడ దాక్కుందోనని.

మద్రాసు స్టూడియోలో మొదటిరోజే
నాలిక మీంచి నెల్లూరు గీకేశారు.
"ఏంది" అని జారితే చాలు, మళ్ళీ మొదట్నించి.
ఇప్పుడీ ఆటలో రాక్షసికి మటుకు
"మీ ఊరి యాస పెట్టండి మేడమ్,
భయంగా ఉంటుంది."

భయంగానా?
చుట్ట ఆర్పి, చెయ్యి కడుక్కుని
పులుసన్నం ముద్దలు పెట్టిన మా పెంచలవ్వ గొంతది.
అయినా డబ్బిస్తామన్నారు.
మస్తాన్‌బీని గుమ్మంలో కూచోబెట్టి,
గాజులు కదిలించొద్దని చెప్పి,
రికార్డు నొక్కాను.

"రారా అబయా, యాడికి పోతావు, రా..."

మస్తాన్‌బీ వీధిలోకి తొంగిచూసింది.
"ఎవుర్నిమే పిలస్తుండావు," అంది,
"అన్నానికా?"