పదకొండో నంబరు, రెండో వైపు

హసావీలో బకాలా వెనక, బియ్యం మూటల మధ్య
దస్తగిరి పెట్టిన కంపెనీ పేరు ‘ఎర్రమన్ను’.
కంపెనీ అంటే రెండు డెక్కులు, ఒక మైకు,
మైకు చుట్టూ కోడిగుడ్ల అట్టలు.
ఏసీ ఆపితేనే రికార్డింగు.
ఆగస్టులో ర్యాప్ చెప్పినోడు
పాట అయ్యేలోపు రెండుసార్లు బనీను పిండుకునేవాడు.

మొత్తం పద్నాలుగు క్యాసెట్లు.
ఏడోది ఎవరూ చూళ్ళేదు.
మూడోదాంట్లో ఓబులేసు
అకామా అయిపోయిన తేదీకి ప్రాస దొరక్క
ఒక్క క్షణం ఆగుతాడు.
ఆ ఆగడం కోసమే ఫహాహీల్ సుబాన్
పన్నెండు దీనార్లు పెట్టాడు.
సాల్మియాలో ఇంకొకాయన, ఇంజనీరు,
అద్దాల బీరువాలో వరసగా నిలబెట్టాడు.
వినడు. వింటే అరిగిపోతాయంట.

నా దగ్గర ఉండేవి నాలుగే.
మడతపడిన చోటల్లా టేపును
గోరుతో సాపు చేసి, పెన్సిలు పెట్టి తిప్పుకున్నవి.

పదకొండోది గంగులమ్మది.
గడప దాటనివ్వని ఇంట్లో పని.
దస్తగిరి కూరగాయల సంచిలో టేప్‌రికార్డర్ పెట్టి పంపితే
మేడం కునుకు తీసే రెండు గంటల్లో
వాషింగ్ మిషన్ దరువు మీద
గుసగుసగా చెప్పింది:
"వాన తెలియని ఊరి దాన్నబ్బా, వంటగిన్నెల నీళ్ళలో నాన్తి
దీనారిచ్చే చేతికేం తెల్సు, నా చేతి తోలు యాడ ఊడెనో!"

అరిస్తేనే ర్యాప్ అనుకునేటోళ్ళం.
పన్నెండో క్యాసెట్లో ఓబులేసు గొంతు తగ్గించాడు.

రెండో వైపు, పాట మధ్యలో
మేడమీద నుంచి ఒక కేక.
"ఏవా, మామా" అంటుంది.
టేపు ఆపడం మరిచిపోయింది.
ఇంక ఇరవై రెండు నిమిషాలు
కొళాయి, గిన్నెలు, ఉల్లిపాయ మీద కత్తి,
ఒక తుమ్ము,
ఎవర్నీ కాదు, అల్లాన్ని చిన్న తిట్టు.
మిషన్ ఆగిపోతుంది. దరువు మాత్రం
ఆమె చేతుల్లో సాగుతుంది.

కొనేవాళ్ళ లెక్కలో అది లోపం.
‘రెండో వైపు ఖాళీ’ అని రాసి ధర సగం చేస్తారు.
దస్తగిరిని ఒకసారి అడిగాను.
"కోసేద్దామనే కూర్చుంటి.
కత్తెర యాడ పెట్టాల్నో తెలీలే."

పోయిన శుక్రవారం ఇంజనీరు వచ్చాడు,
కవర్లో నలభై దీనార్లతో.
వేసి వినిపించాను.
పాట మళ్ళీ ఎప్పుడొస్తుందా అని
నిలబడే గడియారం చూసుకున్నాడు.
తుమ్ము దగ్గర, ఏం తోచిందో, కింద కూర్చున్నాడు.
టక్కుమని టేపు అయిపోయింది.
కవరు మడిచి జేబులో పెట్టుకుని
మళ్ళీ మొదట్నుంచీ అన్నాడు.

నా డెక్కు వెనక్కి తిప్పదు.
పెన్సిలు ఆయన చేతికిచ్చాను.