ఉప్పు చూడటం

రాత్రి నానేసిన తెల్ల చిక్కుడు గింజలు
తెల్లారేసరికి మూతని ఎత్తేశాయి.
ఇటలీ సూపట. మేడం ఫోనులో చూపించింది:
మాట తెలీలేదు, చేతులు తెలిశాయి.

చెప్పిన ఆకు సాల్మియాలో దొరకలేదు.
బకాలా మలబారీ సిలగ్ కట్ట అంటగట్టాడు,
ఎర్ర కాడలది.
కాడలు ముందు, ఆకు ఆఖర్న.
తోటకూర ఎప్పుడో నేర్పిన సంగతే.

ఎండిన జున్ను చెక్కు పారేయబోతే
"ఉడకనీ" అంది రోజలిన్, ఇస్త్రీ ఆపకుండా.

తాలింపు పెట్టలేదు. చెయ్యి మాత్రం
రెండుసార్లు ఆవాల డబ్బా దాకా వెళ్ళొచ్చింది.

ముసలి యుమ్మా రొట్టె ముంచి తిని
ఏమీ అనకుండా గిన్నె మళ్ళీ జరిపింది.

బయట యాభై డిగ్రీలు. ఏసీ హోరు.
పొయ్యి దగ్గర నిలబడి
ఉప్పు చూద్దామని ఒక గరిటె తాగాను.
తెలీలేదు.
ఇంకో గరిటె.