ఒకటి ఎగరగొట్టినావే

నగరిలో కరెంటు పోతే గానీ
మనిషి మాట వినపడదు.
ఆ పొద్దు మూడున్నరకు పోయింది.

మరమగ్గాలన్నీ నోరు మూసుకున్నాక
కన్నెమ్మవ్వ ఎత్తుకుంది, పడుగు పోసేటప్పటి పాట.
ఒంటి పోగు, జంట పోగు,
ఏడో పోగు కాడ మేనమామకొక తిట్టు.
సగం అరవం, సగం తెలుగు.
ఏది ఏదని అడిగితే
"నూలుకు బాస యాడుండాది మే?" అనింది.

లీవ ఫ్లాండర్స్ మనిషి.
వాళ్ళ జేజి లేసు అల్లుతా
గుండుసూదులు లెక్కబెట్టుకున్న పాటను
తొడ మీద వేళ్ళు ఆడిస్తా పాడింది.
ఆ బాసలో నోరు తెరిస్తే
పెద్దిండ్లలో నవ్వేవాళ్ళంట ఒకప్పుడు.
తిరుపతి కాలేజీలో
నా "ఉండాది"కి నవ్విన బెంచీ గుర్తొచ్చింది నాకు.

అవ్వకు ఒక్క ముక్కా తెలీదు.
అయినా వేళ్ళు మడుస్తానే ఉండాది.
పదమూడు కాడ చెయ్యెత్తి ఆపింది:
"పాపా, ఒకటి ఎగరగొట్టినావే."

లీవ మొహం తెల్లబోయింది.
నిజమే, అక్కడొక సూది మరుపంట.
జేజి పోయినాక
అడిగేదానికి ఎవరూ లేరంట.

ఇద్దరూ మళ్ళీ మొదటికొచ్చినారు.
అంతలో కరెంటొచ్చింది.
నేను లేచి పోయి మెయిను ఆపేసినా.

శనివారం కూలి లెక్కలో
రెండు మీటర్లు తక్కువ.