లైఫ్ సర్టిఫికెట్

టెక్కలి సబ్‌ట్రెజరీ, ఫిబ్రవరి క్యూ.
పదకొండో మనిషి తలెత్తాడు.
నిన్న రాత్రి తొమ్మిదిన్నరకి
మా ఆవిడ ఏడ్చింది ఇతని కోసమే.
ఫొటోకి దండేశారు, అగరొత్తులు కూడా.

"తవిటయ్య మేష్టారూ, తమరు పోయారు కదా!"

"రోజుకి రెండొందలు పెంచమన్నాను నాయినా,
గోడకెక్కించీసినారు."

నవ్వాడు. ఆ నవ్వు నేనెరుగుదును:
మూడు సినిమాల్లో జడ్జీగా నవ్వలేదు,
కాటికాపరిగా ఒక్కసారి నవ్వితే
హాలంతా చల్లబడిపోయింది.
దొంగ స్వామి, గుడ్డి తాత, పెద్ద డాక్టరు...
డాక్టరైతే పుస్తకం భాష,
పాలేరైతేనే మన యాస అడిగేవారట.
"అందుకే పాలేరు వేషమంటే
ఒళ్లు దాసుకోకుండా సేసీవోణ్ణి."

వేలిముద్ర మిషను ఒప్పుకోలేదు.
బడిలో సుద్దముక్క సగం,
మీసాల జిగురు సగం
గీతలు తినేశాయి.
ఒకటి, రెండు, మూడు.
నాలుగోసారి బొటనవేలు పంచెకి తుడుచుకుని
నాకేసి చూశాడు.
ఏ వేషమూ ఎక్కని ముఖం.
ఇన్నేళ్లలో నాకది కొత్త.

పచ్చదీపం వెలిగింది.

"టేకు ఓకేనేటి బాబూ?"
జవాబు కోసం ఆగలేదు.
సంతకానికిచ్చిన నా పెన్ను
జేబులో పెట్టుకుని
టెక్కలి ఎండలోకి దిగిపోయాడు.