చోర్ జేబు

నా దస్త్రంల మొగిలి నడుము
ఇరవై ఎనిమిది తోని మొదలైంది.
అజంజాహి మిల్లు సైరన్ ఇంక కూస్తున్న దినాలు.
కాంటీన్ల చాయ గ్లాసులు కడిగే పోరడు
చిల్కపచ్చ టెర్లిన్ బట్ట సంకలవెట్టుకొని
మట్టెవాడల మా దుకాన్ల నిలవడ్డడు.
"కాకా, చౌరస్తకు ఆ ఒడ్డు కెళ్ళి చూసినా
వీడే మొగిలి అని ఎర్కగావాలె."

ఎర్కయ్యిండు.
నల్లాకు నీళ్ళు రాకుంటే
బర్రెనెక్కి మున్సిపల్ ఆఫీసుకు వోయిండు,
కొమ్ముకొక ఖాళీ బింద తగిలిచ్చి.
నామినేషన్ డిపాజిట్ అంత రూపాయి బిళ్లలు గట్టి
మాపటిదాంక గుమాస్తల తోని లెక్కవెట్టిచ్చిండు.
గెలిచిన నాడు ముప్పై రెండు,
నెమలి నీలం సఫారి.

నడిజాము వానకు శివనగర్ మునిగితే
లుంగీ ఎగ్గట్టి నాలాల దిగి
ఒట్టి చేతులతోని చెత్త గుంజింది ఆయననే.
మా అవ్వను భుజానేసుకొని
మోకాలి లోతు నీళ్ళల్ల ఎంజీఎం దాంక నడిచింది ఆయననే.
ఇది గూడ చెప్పాలె.
చెప్పకుంటే నా కత్తెర తుప్పువడతది.

ముప్పై ఆరు.
ముప్పై తొమ్మిది.
డిప్యూటీ మేయర్ అయినంక
టేపు ఎనకకు తిప్పి అందుకునేటందుకు
ఆయనను కౌగిలిచ్చుకోవాల్సి వస్తుండె.
అత్తరు వాసన, చెమట వాసన, మొగిలన్న నవ్వు.
మూడు పార్టీల కండువలు మారినయ్.
"అంగీ రంగు కలుస్తలేదే కాకా" అని
కండువకు తగ్గ అంగీ కుట్టమంటడు,
పాతది అటెండర్ మీద కప్పుతడు.
కూలి అడిగితే
"నీ ఇంటి పన్ను నేను జూస్కుంట" అంటడు.
జూస్కున్నడు. అబద్ధమెందుకు.

ఒకనాడు తలుపు దగ్గరికేసి
నడుము పట్టీ ఎనుక వేలు వెట్టి చూపెట్టిండు:
"ఈడ ఒక జేబు. పైకి అవుపడద్దు."
ఎంత లోతు అని అడిగిన,
ఎందుకు అని అడగలే.
నా చేతిపని మీద నాకు ఉన్న గర్వమంత
ఆ జానెడు గుడ్డల దాచిన.

తను ఒకప్పుడు దిగిన నాలా మీదికే
ఒక ఫంక్షన్ హాలు జరిగివచ్చింది.
సంతకానికి రెండు లక్షలు.
ఏసీబోళ్ళు గ్లాసుల నీళ్ళు వోసి
"వేళ్ళు ముంచుండ్రి సార్" అన్నరట.
తెల్లటి నీళ్ళు గులాబి అయినయ్.
ఎన్ని తాన్లు విప్పిన, ఎన్ని రంగులు కత్తిరించిన,
అసొంటి రంగు నా దుకాన్లకు ఎన్నడు రాలే.
జేబును సుత బయటికి తిప్పి ముంచిండ్రు.
టీవీల చూసిన:
మొగిలన్న మొకం మీద తువ్వాల,
ఆఫీసరు చేతిల నా కుట్టు.

ఎవలు కుట్టిండ్రని ఏ కోర్టు అడగలే.
రెండు రాత్రులు మిషన్ తొక్కలే నేను.
ఫ్లెక్సీలు దించిండ్రు. కొన్ని కోళ్ళ గూడుల మీదికి వోయినయ్,
వానకు ఆయన మీసం మీద నీళ్ళు కారుతుండె.
ఆయన ఎనక జీపుల తిరిగిన పోరడు ఒకడు
ఆ నెలలనే వచ్చి మెల్లగ అన్నడు:
"అన్నకు కుట్టినవు గదా కాకా... గదే మోడల్."

మొన్న ఎండకాలం
ప్లాస్టిక్ సంచి పట్టుకొని మొగిలి వచ్చిండు.
నడిచే వచ్చిండు.
లోపల ఆ ప్యాంటే. కోర్టు చీటి, లక్క ముద్ర, నెంబరు.
జేబున్న జాగల కిటికీ తీరు కత్తిరించిన తొర్ర.
టేపు వేసిన. ఈసారి కౌగిలి పనివడలే.
ముప్పై.

"జేబు వెయ్యాల్నా మొగిలీ?"
జర సేపు తొర్రలకెళ్ళి తన వేళ్ళు తనే చూసుకున్నడు.
"బస్సు చిల్లరకు ఒకటి గావాలె గద.
బయటికే వెయ్యి."
కూలి ఎంత అన్నడు. ఈ ముప్పై ఏండ్లల్ల మొదటిసారి.
ఎనభై అన్న.
నూరు రూపాయలు ఇచ్చి
మిగతా ఇరవై కోసం నిలవడ్డడు.

గల్లపెట్టెల నేను దేవులాడుతుంటే
బయట నల్లా కాడి బిందెల వరుస దిక్కు చూసి
అడిగిండు:
"ఇప్పుడు నీళ్ళు ఎన్ని గంటలకు ఇడుస్తుండ్రే, కాకా?"